ఒక నెల నోటీసు

సర్కారు కొలువు దొరికితే ఇక ఢోకా లేదని మన ఇండ్లలో పెద్దలు అనడం కద్దు. ఆ మాట ఖాయం ఉద్యోగికి చెల్లుతుంది గాని, ఒప్పందం మీదనో తాత్కాలికంగానో చేరినవానికి చెల్లదు. అతని చేతికి ఒకనాడు రెండు పంక్తుల ఉత్తరువు వస్తుంది. నెల గడువుతో సేవ ముగిసినదని మాత్రమే అందులో ఉంటుంది. తప్పు పేర్కొనలేదు కనుక సంజాయిషీ అడగనక్కరలేదని అధికారుల వాదన. ఆ రెండు పంక్తుల వెనుక ఏమున్నదో తరచి చూడడానికి మన న్యాయస్థానాలకు చాలాకాలమే పట్టినది.

ఆంగ్లేయుల పాలనలో దొరతనం వారి ఇష్టం ఉన్నంతవరకే కొలువు. 1919 నాటి చట్టం ఈ సూత్రాన్ని అక్షరబద్ధం చేస్తూనే, తొలగింపు నియమానుసారం జరగాలన్నది. ఆ నియమాల విలువ ఎంతో మద్రాసు ప్రభుత్వ ముద్రణాలయంలోని ఒక రీడరు కథ చెబుతుంది. పరీక్షాపత్రాలు ముందుగా బయటపడిన ఉదంతంలో అతనిని అనుమానించి తొలగించినారు. 1930వ దశకంలో వ్యాజ్యం లండనులోని ప్రివీ కౌన్సిల్ వరకు పోయినది. నియమాలను పాటించకపోవడం నిజమే, అయినా దానిపై దావా చెల్లదని అక్కడ తీర్పు. నియమం ఉన్నది, దిక్కు మాత్రం లేదు!

1935 నాటి చట్టం ఈ కొరతను కొంత తీర్చినది. 1950లో మన రాజ్యాంగపు 311వ అధికరణం, బర్తరఫు చేసే ముందు ఉద్యోగికి తన మాట చెప్పుకొనే అవకాశం ఇచ్చితీరాలన్నది. కాని ఒప్పందపు ఉద్యోగికి ఆ రక్షణ ఉన్నదా? 1953లో సతీశ్ చంద్ర ఆనంద్ వ్యాజ్యంలో సుప్రీం కోర్టు లేదన్నది. ఒప్పందపు షరతు ప్రకారం నెల నోటీసుతో ముగించడం శిక్ష కాదనీ, ఆ ఒప్పందానికి ఒప్పుకొన్నది అతడేననీ దాని తర్కం. పూట గడవనివాడు షరతులను బేరమాడగలడా అన్న ప్రశ్న ఆనాటికి ఇంకా తలెత్తలేదు.

1957లో రైల్వే ఉద్యోగి ధింగ్రా వ్యాజ్యంలో తలుపు కొంత తెరచుకొన్నది. తాత్కాలికోద్యోగి అయినా సరే, శిక్షగా తొలగిస్తే విచారణ తప్పదనీ, ఉత్తరువులో వాడిన మాటలే ప్రమాణం కావనీ ప్రధాన న్యాయమూర్తి ఎస్. ఆర్. దాస్ చెప్పినారు. అయితే పై హోదా నుండి ధింగ్రాను దించడం శిక్ష కాదని అధిక సంఖ్యాకులు తేల్చినందున ఆయన ఓడిపోయినాడు. విభేదించినది జస్టిస్ వివియన్ బోస్. 1953 నాటి తీర్పు రాసినదీ ఆయనే కావడం విశేషం.

1974లో షంషేర్ సింగ్ వ్యాజ్యం వచ్చినది. పంజాబులో ప్రొబేషనులో ఉన్న ఇద్దరు న్యాయాధికారులను ఇంటికి పంపినారు. ఉభయ పక్షాల వాదన వినడమే వృత్తిగా గలవారికి తమ మాట వినిపించుకొనే వీలు లేకపోయినది! ఒకరిపై ప్రభుత్వపు విజిలెన్సు శాఖ చాటుగా ఆరా తీసినది. ఆ ఆరాపై ఆధారపడి వెలువడిన ఉత్తరువు ఎంత మృదువుగా ఉన్నా శిక్షయే అవుతుందని ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చినది. రూపం కాదు, సారం చూడాలన్న ఈ పద్ధతి నాకు 311వ అధికరణమంత ముఖ్యంగా తోస్తుంది.

ఇక షరతు మాటే చూద్దాము. కలకత్తాలోని ప్రభుత్వ జలరవాణా సంస్థ ఒకటి మూడు నెలల నోటీసో, ఆ జీతమో ఇచ్చి, కారణం చెప్పకుండానే ఖాయం ఉద్యోగిని సైతం పంపవచ్చునని నియమం పెట్టుకొన్నది. దానిని ఇంగ్లండు రాజు ఎనిమిదవ హెన్రీ నిరంకుశత్వంతో పోల్చి 1986లో సుప్రీం కోర్టు కొట్టివేసినది. బలవంతుడు రాసిన షరతుకు బలహీనుడు చేసిన సంతకం స్వేచ్ఛ కాదన్నది.

నేడు ప్రభుత్వ కచేరీలలో ఎందరో ఏజెన్సీల ద్వారా పనిచేస్తున్నారు. వారి విషయంలో తొలగింపు సక్రమమా కాదా అన్న విచారణకు ముందే మరొకటి తేలవలసి ఉన్నది: ఇంతకూ యజమాని ఎవరు?