పెద్ద కుక్కల ఆటవస్తువులు

పెద్ద కుక్కల ఆటవస్తువులు అనగా సుమారు 25 కిలోగ్రాములు, అంతకు మించిన బరువు గల పెంపుడు కుక్కలకు నమలడానికి, గుంజడానికి, వెంటాడి తేవడానికి ఇచ్చే వస్తువులు. రబ్బరు బొమ్మలు, బంతులు, తాళ్ళు, ఎగిరే పళ్ళేలు, ఆహారం నింపే బొమ్మలు వీటిలో ముఖ్యమైనవి. బలమైన దవడలు, మిక్కిలి చురుకుదనం గల సంకరజాతి కుక్కకు ఆటవస్తువును ఎన్నుకొనేటప్పుడు ఒకదానికొకటి విరుద్ధమైన రెండు ప్రమాదాలను దృష్టిలో ఉంచుకోవలసి ఉంటుంది. వస్తువు మెత్తనిదైతే ముక్కలై కడుపులోకి పోతుంది. మరీ గట్టిదైతే కుక్క పన్ను విరుగుతుంది. కాబట్టి ఎంత గట్టిదైతే అంత మంచిదనే అభిప్రాయం సరికాదు. కొరికినప్పుడు లోపలికి నొక్కుకొని, వదిలినప్పుడు తిరిగి పూర్వరూపానికి వచ్చి, ముక్కలు కాని వస్తువు మాత్రమే మన్నికకూ భద్రతకూ అనువైనది.

ఆట అవసరం

కుక్క తోడేలు సంతతికి చెందిన మాంసాహార జంతువు. వెంటాడడం, పట్టడం, విదిలించడం, చీల్చడం, నమలడం దాని సహజ ప్రవృత్తులు. ఇంట్లో ఆహారం గిన్నెలోకే వచ్చినా ఈ ప్రవృత్తులు పోవు. వీటికి తగిన దారి చూపకపోతే చెప్పులు, తలుపులు, పరుపులు, విద్యుత్ తీగలు వాటికి ఆటవస్తువులవుతాయి. అయితే ఆటవస్తువు నడకకూ, శిక్షణకూ, మనుషుల సాంగత్యానికీ ప్రత్యామ్నాయం కాదు. రోజంతా ఒంటరిగా కట్టివేయబడిన కుక్కకు ఎన్ని బొమ్మలు ఇచ్చినా ప్రయోజనం స్వల్పమే.

కుక్కలు ఏ బొమ్మలను ఇష్టపడతాయన్న విషయంపై పరిశోధనలు జరిగాయి. బ్రిటన్ పరిశోధకులు 2010లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, కుక్కలు దృఢమైన బొమ్మల కంటె తేలికగా నమలగలిగేవాటిని, శబ్దం చేసేవాటిని ఎక్కువగా కోరుకొన్నాయి. అనగా కుక్కకు నచ్చే బొమ్మ సాధారణంగా త్వరగా పాడయ్యే బొమ్మ. యజమాని ఎదుర్కొనే అసలు చిక్కు ఇదే. దృఢమైన బొమ్మను కుక్క పట్టించుకోకపోతే దానిలో ఆహారం నింపడం, యజమాని స్వయంగా ఆడించడం ద్వారా ఆసక్తి కలిగించవచ్చు.

సంకరజాతి కుక్కల విషయం

రెండు లేదా అంతకంటె ఎక్కువ జాతుల కలయిక వలన పుట్టిన కుక్కలను సంకరజాతి కుక్కలంటారు. ఆంధ్ర ప్రదేశ్, తెలంగాణ పట్టణాలలో లాబ్రడార్, జర్మన్ షెపర్డ్ వంటి జాతులకూ నాటు కుక్కలకూ పుట్టిన పిల్లలను చాలామంది పెంచుకొంటారు. ఇటువంటి కుక్కపిల్ల ఎంత పెద్దదవుతుందో, దేనిని ఇష్టపడుతుందో తల్లిదండ్రుల జాతిని బట్టి కచ్చితంగా చెప్పలేము. 18,000కు పైగా కుక్కల వివరాలను పరిశీలించి, 2022లో సైన్స్ పత్రికలో ప్రచురించిన అధ్యయనం ప్రకారం ఒక్కొక్క కుక్క ప్రవర్తనలోని తేడాలలో సుమారు 9 శాతాన్ని మాత్రమే జాతి వివరించగలదు. అందువలన పొట్లం మీద ముద్రించిన జాతి పేర్లను గాక, ఎదుట ఉన్న కుక్క బరువును, నోటి వెడల్పును, నమిలే తీరును చూసి ఆటవస్తువును ఎన్నుకోవాలి.

నమిలే తీరును బట్టి కుక్కలను స్థూలంగా మూడు విధాలుగా చెప్పవచ్చు.

1. మోసేవి: బొమ్మను నోట కరచుకొని తిరుగుతాయి, పాడుచేయవు.
2. చీల్చేవి: కుట్లు విప్పి, దూది బయటికి లాగి వదిలేస్తాయి.
3. మింగేవి: కొరికిన ముక్కను ఉమ్మకుండా మింగుతాయి. అత్యంత జాగ్రత్త అవసరమైనది వీటి విషయంలోనే.

పళ్ళ నిర్మాణం

ఎదిగిన కుక్కకు 42 పళ్ళు ఉంటాయి. వీటిలో కుంతకాలు 12, రదనికలు (కోరపళ్ళు) 4, అగ్రచర్వణకాలు 16, చర్వణకాలు 10. పై దవడలో నాలుగవ అగ్రచర్వణకం, క్రింది దవడలో మొదటి చర్వణకం కత్తెర అంచులవలె ఒకదానిని ఒకటి ఒరుసుకొంటూ మాంసాన్ని కోస్తాయి. గట్టి వస్తువులను కుక్క ఈ పళ్ళతోనే కొరుకుతుంది. అందుచేత పై నాలుగవ అగ్రచర్వణకం పలకలాగా చిట్లడం పశువైద్యులు తరచుగా చూసే గాయం. కుక్క పళ్ళపై ఉండే పింగాణీ పొర మందం సాధారణంగా 1 మిల్లీమీటరు కంటె తక్కువ. ఇది మనిషి పళ్ళ పింగాణీ కంటె పలుచన. పన్ను లోపలి గుజ్జు బయటపడితే నొప్పి, చీము కలుగుతాయి. అటువంటి పన్నుకు వేరు చికిత్స చేయడమో, తీసివేయడమో తప్పనిసరి అవుతుంది. కుక్కలు పంటి నొప్పిని బయటికి చూపకపోవడం వలన యజమానికి ఇది నెలల తరబడి తెలియకపోవచ్చు.

ఎంపికలో పాటించవలసిన పరీక్షలు

* గోటి పరీక్ష: బొటనవేలి గోటితో గట్టిగా నొక్కాలి. కొంచెమైనా లోపలికి దిగకపోతే ఆ వస్తువు పళ్ళకు మరీ గట్టిది.
* పరిమాణ పరీక్ష: వస్తువు మొత్తంగా నోటిలో పట్టకూడదు. కోరపళ్ళను దాటి నాలుక వెనుకకు జారేంత చిన్నదైతే ఇవ్వకూడదు. ఇంట్లో రెండు కుక్కలు ఉంటే పెద్దదాని నోటినే కొలతగా తీసుకోవాలి.
* వంపు పరీక్ష: చేతితో వంచి వదిలినప్పుడు పగుళ్ళు కనిపించకూడదు. పెళుసైన ప్లాస్టిక్ విరిగి పదునైన ముక్కలవుతుంది.
* రంధ్రాల పరీక్ష: లోపల బోలుగా ఉన్న బొమ్మకు కనీసం రెండు రంధ్రాలు ఉండాలి. ఒకే రంధ్రం ఉంటే కుక్క లోపలి ఆహారాన్ని నాకేటప్పుడు గాలి వెలితి ఏర్పడి నాలుక దానిలో ఇరుక్కుపోతుంది. రక్తప్రసరణ ఆగి నాలుక వాచి, దానిని కోల్పోయే ప్రమాదం కూడా ఉన్నది.
* విడిభాగాల పరీక్ష: గుండీ కళ్ళు, గంటలు, రిబ్బన్లు, బ్యాటరీలు ఉన్నవాటిని ఇవ్వరాదు. గుండీ బ్యాటరీని మింగితే ఆహారవాహిక కొద్ది గంటలలోనే కాలి పుండు పడుతుంది.

రంగును కూడా గమనించవచ్చు. కుక్క కంటిలో రెండు రకాల రంగు గ్రాహకాలు మాత్రమే ఉన్నాయి. నీలం, పసుపు రంగులను అది బాగా గుర్తిస్తుంది. పచ్చగడ్డిలో పడిన ఎర్రబంతి మనిషికి స్పష్టంగా కనబడినా కుక్కకు కనబడడం కష్టం. గడ్డిలో ఆడించడానికి నీలం రంగు బంతి మేలు.

రకాలు

రబ్బరు బొమ్మలు: దట్టమైన సహజ రబ్బరుతో చేసిన బోలు బొమ్మలు పెద్ద కుక్కలకు మిక్కిలి అనువైనవి. కర్బనపు మసి కలిపిన నల్ల రబ్బరు అరుగుదలను ఎక్కువగా తట్టుకొంటుంది. వీటిలో ఉప్పు, కారం లేని పెరుగన్నం, ఉడికించిన క్యారెట్, గుమ్మడి వంటివి నింపి, గడ్డకట్టించి ఇస్తే కుక్క చాలాసేపు నిమగ్నమై ఉంటుంది. ద్రాక్ష, కిస్‌మిస్, చాక్లెట్, ఉల్లిపాయ కుక్కలకు విషతుల్యాలు. వేరుసెనగ వెన్న నింపేటప్పుడు దానిలో జైలిటాల్ అనే తీపి పదార్థం లేదని నిర్ధారించుకోవాలి. జైలిటాల్ వలన కుక్క రక్తంలోని చక్కెర వేగంగా పడిపోతుంది.

బంతులు: టెన్నిస్ బంతి వ్యాసం 6.54 నుండి 6.86 సెంటీమీటర్లు. పెద్ద కుక్క దీనిని నొక్కి గొంతులోకి జార్చుకోగలదు. అంతేగాక బంతిపై ఉండే నూగు బట్టలో ఇసుక చేరి ఉప్పుకాగితం వలె పళ్ళను అరగదీస్తుంది. క్రికెట్ బంతి కొంచెం పెద్దదైనా చాలా గట్టిది. పెద్ద కుక్కకు నోటికి తగిన పరిమాణంలో నున్నని రబ్బరు బంతి మంచిది.

తాడు బొమ్మలు: ఇవి యజమానితో కలిసి గుంజులాట ఆడడానికి మాత్రమే. ఆట ముగిసిన తరువాత తీసి దాచాలి. మింగిన పోగులు ఒక కొన కడుపులో చిక్కుకొని మిగతాది ప్రేగులోకి సాగితే, ప్రేగు దారం లాగిన గుడ్డవలె ముడతలు పడి కోసుకుపోతుంది. ఇది ప్రాణాపాయకరం.

ఎగిరే పళ్ళేలు: మెత్తని రబ్బరువి, లేదా గుడ్డతో చేసినవి మేలు. పెళుసు ప్లాస్టిక్‌వి చిగుళ్ళను కోస్తాయి. నేలకు దగ్గరగా విసిరితే కుక్క ఎత్తుకు ఎగిరి మెలితిరిగి పడే అవసరం ఉండదు.

దూది బొమ్మలు: మోసే స్వభావం గల కుక్కలకు సరిపోతాయి. చీల్చే, మింగే కుక్కలకు పనికిరావు. లోపల ఉండే కీచుమనే పీకను మింగే అవకాశం ఎక్కువ.

ఎముకలు, కొమ్ములు, గిట్టలు: మన్నికైనవిగా అమ్ముడైనా పళ్ళను విరిచేవాటిలో ఇవే ముందుంటాయి. ఉడికించిన ఎముకలు సూదుల్లా చీలి ప్రేగులకు గుచ్చుకొంటాయి.

ఇంటి వస్తువులు

తెలుగు ఇళ్ళలో కుక్కకు సాధారణంగా ఇచ్చే కొన్ని వస్తువులు హానికరమైనవి. మామిడి టెంక, మొక్కజొన్న కండె కుక్క జీర్ణాశయంలో అరగవు. ఇవి ప్రేగులో అడ్డుపడి శస్త్రచికిత్సకు దారితీస్తాయి. కొబ్బరి చిప్ప పళ్ళకు గట్టిది, దాని పీచు పోగులై కడుపులో చేరుతుంది. పాత టైరు ముక్కలలో ఉక్కు తీగలు ఉంటాయి. పాత చెప్పును ఆటకు ఇస్తే పాత చెప్పుకూ కొత్త చెప్పుకూ తేడా కుక్కకు తెలియదు. ఖర్చు లేకుండా ఆడించదలచినవారు పాత నూలు తువ్వాలులో బిస్కట్లను చుట్టి, వాసన చూసి వెదకి తీసుకొనేలా తమ ఎదుట ఇవ్వవచ్చు. గుడ్డను మింగే కుక్కకు ఇది కూడా తగదు.

వయసును బట్టి

కుక్కపిల్లకు 28 పాలపళ్ళు ఉంటాయి. సుమారు 4వ నెల నుండి 7వ నెల వరకు ఇవి ఊడి శాశ్వతమైన పళ్ళు వస్తాయి. ఈ కాలంలో నమలాలనే కోరిక అధికం. అయితే పెద్ద కుక్కల కోసం చేసిన దట్టమైన రబ్బరు పాలపళ్ళకు తగదు, మెత్తని రబ్బరు ఇవ్వాలి. పెద్ద కుక్కల ఎముకలు పూర్తిగా ఎదగడానికి ఏడాది నుండి ఏడాదిన్నర పడుతుంది. అంతవరకు ఎత్తుకు ఎగిరించే ఆటలను పరిమితం చేయడం మంచిది. ముసలి కుక్కలకు పళ్ళు అరిగి ఉంటాయి గనుక తిరిగి మెత్తని వస్తువులకు మారాలి.

వాడకంలో జాగ్రత్తలు

* కొత్త బొమ్మను మొదటి కొన్ని రోజులు యజమాని ఎదుట మాత్రమే ఇవ్వాలి.
* బొమ్మను వారానికి ఒకసారైనా పరిశీలించాలి. పగుళ్ళు, ఊడిన ముక్కలు కనిపిస్తే పారవేయాలి. మన్నికైన బొమ్మ అంటే ఎన్నటికీ పాడు కానిది అని అర్థం కాదు.
* బొమ్మలన్నింటినీ ఒకేసారి ఇవ్వరాదు. లాబ్రడార్ కుక్కలపై జరిపి 2012లో ప్రచురించిన పరిశోధనలో, ఒకే బొమ్మను మరల మరల ఇచ్చినప్పుడు ఆసక్తి తగ్గి, వేరొక బొమ్మ ఇవ్వగానే తిరిగి కలిగినట్లు తేలింది. రెండు మూడు బొమ్మలను మార్చి మార్చి ఇస్తే సరిపోతుంది.
* నోటిలోని వస్తువును బలవంతంగా లాక్కోరాదు. కుక్క కరవవచ్చు, లేదా తొందరలో మింగవచ్చు. ఆహారం చూపి వదిలేలా అలవాటు చేయాలి.
* వేసవిలో సూర్యోదయానికి ముందు, లేదా చల్లబడిన తరువాత ఆడించాలి. కుక్క ప్రధానంగా రొప్పడం ద్వారానే ఒంటి వేడిని తగ్గించుకొంటుంది. చురుకైన కుక్క అలసిపోయినా బంతి వెంట పరుగు మానదు గనుక ఆటను యజమానే ఆపాలి.

ప్రమాద సూచనలు, ప్రథమ చికిత్స

బొమ్మ ముక్క ప్రేగులో అడ్డుపడిన కుక్క పదేపదే వాంతి చేసుకొంటుంది, తిండి మానివేస్తుంది, కడుపు ముట్టనివ్వదు, మలవిసర్జనకు ముక్కుతుంది, నీరసిస్తుంది. రబ్బరు, గుడ్డ ఎక్స్-రేలో స్పష్టంగా కనిపించకపోవచ్చు. అందువలన మింగిన బొమ్మలో మిగిలిన భాగాన్ని వైద్యునికి చూపడం ఉపయోగకరం. కడుపులో ఉన్నదానిని ఎండోస్కోపు ద్వారా తీయవచ్చు, ప్రేగులో చిక్కుకొంటే శస్త్రచికిత్స అవసరం. ఇంట్లో ఉప్పునీరు తాగించి వాంతి చేయించరాదు. అధికమైన ఉప్పు కుక్కకు ప్రాణాంతకం. మలద్వారం నుండి దారం వేలాడుతుంటే లాగకూడదు.

గొంతులో బంతి ఇరుక్కొన్న కుక్కకు నిమిషాలే గడువు. నోరు తెరచి, బంతి చేతికి అందితే తీయాలి. వేళ్ళతో లోపలికి నెట్టరాదు. అందకపోతే గొంతు బయట, దవడ క్రింద బంతి వెనుక బొటనవేళ్ళు ఆనించి నోటి వైపుకు నెట్టాలి. బంతి బయటికి వచ్చినా వెంటనే పశువైద్యశాలకు తీసుకువెళ్ళాలి.

చట్టం, ప్రమాణాలు

భారతదేశంలో ఆటబొమ్మల నాణ్యతా నియంత్రణ ఉత్తర్వు 2020లో జారీ అయి, 2021 జనవరి 1 నుండి అమలులోకి వచ్చింది. దీని ప్రకారం బొమ్మలకు భారతీయ ప్రమాణాల సంస్థ గుర్తు తప్పనిసరి. అయితే ఈ ఉత్తర్వు 14 సంవత్సరాల లోపు పిల్లలు ఆడుకొనే బొమ్మలకు ఉద్దేశించినది. ఐరోపా సమాఖ్య 2009 నాటి బొమ్మల భద్రతా ఆదేశం కూడా 14 ఏళ్ళలోపు పిల్లల బొమ్మలకే పరిమితం. పెంపుడు జంతువుల బొమ్మలు వీటి పరిధిలోకి రావు. కాబట్టి పొట్లం మీద ఉండే "విరగనిది", "సురక్షితం" వంటి మాటలు తయారీదారు ప్రకటనలు మాత్రమే. చివరి తనిఖీ యజమాని చేతిలోనే ఉన్నది. అలాగని పిల్లల బొమ్మలను కుక్కకు ఇవ్వడం కూడా పరిష్కారం కాదు, అవి కుక్క పళ్ళను దృష్టిలో ఉంచుకొని చేసినవి కావు.

చరిత్ర

రబ్బరు నమిలే బొమ్మలకు ప్రసిద్ధి చెందిన కాంగ్ సంస్థ అమెరికాలోని కొలరాడో రాష్ట్రంలో 1976లో ప్రారంభమైనది. దాని స్థాపకుడు జో మార్కమ్ పెంచిన ఫ్రిట్జ్ అనే జర్మన్ షెపర్డ్ రాళ్ళను కొరికి పళ్ళు పాడుచేసుకొనేది. మార్కమ్ వోక్స్‌వాగన్ వాహనాన్ని బాగుచేస్తుండగా దొరికిన సస్పెన్షన్ రబ్బరు భాగాన్ని ఆ కుక్క ఇష్టంగా నమలడం చూసి ఆ ఆకారంలో బొమ్మను రూపొందించాడు. ఫ్రిస్బీ పళ్ళెంతో కుక్కల ఆటకు 1974లో లాస్ ఏంజలెస్ డాడ్జర్ స్టేడియంలో ఆష్లే విప్పెట్ అనే కుక్క చేసిన ప్రదర్శనతో ప్రాచుర్యం లభించింది.

ఇవి కూడా చూడండి

* కుక్క
* పశువైద్యం
* దంతాలు
* రబ్బరు