ఇడియట్

రవితేజ సినిమా పేరుగా, స్నేహితుల మధ్య ముద్దుతిట్టుగా మనకు బాగా అలవాటైన మాట. ఒకప్పుడిది వైద్యులు, న్యాయమూర్తులు గంభీరంగా వాడిన పదం.

పుట్టిల్లు గ్రీకు. 'ఇడియోటెస్' అంటే పదవేదీ లేని మామూలు మనిషి. లాటిన్‌కు వచ్చేసరికి చదువురానివాడయ్యాడు. మధ్యయుగపు ఇంగ్లండ్ చట్టం పుట్టుకతోనే బుద్ధి ఎదగనివారికి ఆ పేరు పెట్టి, వారి భూములను రాజు చేతిలో పెట్టింది. పోషణ ఖర్చు పోను మిగిలిన ఆదాయం రాజుదే! ఎవరు ఇడియట్టో తేల్చడంపై ఆయనకు అంత శ్రద్ధ ఊరికే పుట్టలేదు. ఇరవై పెన్నీలు లెక్కపెట్టగలడా? తల్లిదండ్రులెవరో, తన వయసెంతో చెప్పగలడా? ఇదీ పరీక్ష.

1855లో ఇంగ్లండ్‌లోని సర్రే ప్రాంతంలో, ఎర్ల్స్‌వుడ్‌లో ఇడియట్ల జాతీయ ఆశ్రమం పెద్ద భవనంలో మొదలైంది. డౌన్ సిండ్రోమ్‌కు పేరిచ్చిన జాన్ లాంగ్డన్ డౌన్ అక్కడ వైద్యాధికారిగా పనిచేశాడు. అక్కడి నివాసి జేమ్స్ హెన్రీ పుల్లెన్‌కు మాట సరిగా వచ్చేది కాదు. కానీ చేతిలో ఉలి ఉంటే చాలు, అద్భుతాలు చేసేవాడు. 'గ్రేట్ ఈస్టర్న్' ఓడ నమూనాను సొంతంగా తయారుచేశాడు. అంతటి పనివాడూ 1916లో పోయేదాకా ఆశ్రమవాసే.

1913 నాటి బ్రిటన్ చట్టం బుద్ధి ఎదగనివారిని నాలుగు తరగతులు చేసి, మామూలు ప్రమాదాల నుంచి కూడా తమను తాము కాపాడుకోలేనివారిని 'ఇడియట్' అంది. 1959 చట్టంతో ఆ వర్గీకరణ పోయింది.

మన దగ్గరా ఇలాంటి మాటలు మారాయి. సికింద్రాబాద్ మనోవికాస్ నగర్‌లో 1984లో వెలసిన జాతీయ సంస్థ పేరులో మొదట 'మెంటల్లీ హ్యాండికాప్డ్' అని ఉండేది. ఇప్పుడు ఆ చోట 'మేధో వైకల్యం' ఉంది.