ఓడెక్కితే మందు రూల్ మారిపోద్దా? లైసెన్సు వెనక రెండొందల ఏళ్ల కథ

ఈరోజు ఎపిసోడ్ ఒక టీ కొట్టు దగ్గర మొదలైంది.

మా కంచరపాలెంలో ఊర్వశి జంక్షన్ దగ్గర టీ తాగుతుంటే, మా వీధిలో ఉండే బాబాయ్ ఒకాయన పేపర్‌లో క్రూజ్ షిప్ ఫోటో చూపించి అడిగాడు. "ఒరేయ్, ఈ ఓడలో బార్ ఉందంట కదా. మన సందులో సీసా తీసి నిలబడితే పోలీసోడొచ్చి కేసు రాస్తాడు. మరి సముద్రం మీద అమ్మేవోడికి లైసెన్సు ఎవుడిస్తాడ్రా?"

నేను బీటెక్ చదివాను, కోడింగ్ చేశాను, ఇప్పుడు వీడియోలు చేస్తున్నాను. ఈ ప్రశ్నకి మాత్రం నా దగ్గర ఆన్సర్ లేదు. ఇంటికొచ్చి చదవడం మొదలుపెట్టాను. చదివేకొద్దీ అర్థమైంది ఏంటంటే, ఇది చిన్న డౌట్ కాదు. రెండొందల ఏళ్లుగా ప్రభుత్వాల్ని ఏడిపిస్తున్న డౌట్ ఇది.

ముందు నేల మీద రూల్ చూద్దాం. మన రాజ్యాంగంలో ఏడో షెడ్యూల్ ఉంది కదా, అందులో రాష్ట్రాల జాబితాలో 8వ అంశం మత్తు పానీయాలు. అంటే తయారీ, రవాణా, అమ్మకం అన్నీ రాష్ట్రం చేతిలోనే. మన దగ్గర 1968 నాటి ఎక్సైజ్ చట్టం ఉంది. లైసెన్సు లేకుండా అమ్మితే నేరం. ఇంకో ముఖ్యమైన సంగతి. 1994లో ఖోడే డిస్టిలరీస్ కేసులో సుప్రీంకోర్టు ఏం చెప్పిందంటే, మందు వ్యాపారం చేయడం ఎవరికీ ప్రాథమిక హక్కు కాదు. రాష్ట్రం కావాలంటే పూర్తిగా ఆపేయొచ్చు. కావాలంటే లైసెన్సు పెట్టి అమ్మనివ్వొచ్చు.

అంటే లైసెన్సు అనేది ఫీజు కట్టి తెచ్చుకునే కాగితం మాత్రమే కాదు. ఎక్కడ అమ్మాలి, ఎన్నింటివరకు అమ్మాలి, ఎవరికి అమ్మకూడదు అని జనం తరఫున ప్రభుత్వం పెట్టే షరతు అది. షాపుకైతే ఈ షరతు సులువు. షాపు కదలదు, డోర్ నంబర్ ఉంటుంది. బడికి ఎంత దూరం, గుడికి ఎంత దూరం అని టేపు పెట్టి కొలవొచ్చు. ఓడ కదులుతుంది. కోడింగ్ భాషలో చెప్పాలంటే ఇదొక ఎడ్జ్ కేస్. రూల్ రాసినోడు దీన్ని ఊహించలేదు.

ఇది మొదట బయటపడింది బ్రిటన్‌లో. ప్రయాణికుల ఓడల్లో మందు, పొగాకు అమ్మాలంటే వేరే లైసెన్సు ఉండాలని 1828లోనే అక్కడ పార్లమెంటు చట్టం చేసింది. అంతవరకు బాగానే ఉంది. తర్వాత 1853లో స్కాట్లాండ్‌లో ఆదివారం మందు షాపులు మూసేయాలని ఇంకో చట్టం వచ్చింది. మినహాయింపు ఒక్కళ్లకే, నిజమైన ప్రయాణికులకి. ఇంకేముంది! గ్లాస్గో పక్కనుంచి పారే క్లైడ్ నది మీద ఆదివారం స్టీమర్లు కళకళలాడిపోయాయి. టికెట్ కొంటే నువ్వు ప్రయాణికుడివే. ఎక్కు, తాగు, సాయంత్రం అదే రేవులో దిగు. దాదాపు ముప్పై ఏళ్లు ఇదే తంతు. చివరికి 1882లో స్కాట్లాండ్ కోసం మళ్లీ ఒక చట్టం తెచ్చి, ఒకే రోజు వెళ్లి తిరిగొచ్చే ఓడల్లో ఆదివారం అమ్మకం ఆపారు. బగ్ దొరికిన ముప్పై ఏళ్లకి ప్యాచ్ అన్నమాట.

ఇప్పుడు అమెరికా వెళ్దాం. 1920 నుంచి అక్కడ దేశం మొత్తం మద్య నిషేధం. మరి ఓడల సంగతేంటి? 1922 అక్టోబర్‌లో అక్కడి అటార్నీ జనరల్ డాహర్టీ ఒక అభిప్రాయం ఇచ్చాడు. అమెరికా జెండా ఉన్న ఓడలో ప్రపంచంలో ఎక్కడా మందు ఉండకూడదు, విదేశీ ఓడ మా నీళ్లలోకి మందుతో రాకూడదు అని. ఓడల కంపెనీలు కోర్టుకెళ్లాయి. 1923 ఏప్రిల్ 30న కునార్డ్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. నడిసముద్రంలో ఉన్న అమెరికా ఓడకి నిషేధం వర్తించదు. కానీ ఏ దేశపు ఓడైనా అమెరికా నీళ్లలోకి వస్తే, సీసాకి సీలు వేసి తాళం పెట్టినా సరే, మందు ఉండకూడదు. ఆ జూన్‌లో బాల్టిక్, బెరెంగేరియా అనే బ్రిటిష్ ఓడలు న్యూయార్క్ వస్తే, బ్రిటిష్ కస్టమ్స్ వేసిన సీళ్లు పగలగొట్టి మరీ మందు పట్టుకెళ్లారు. రెండు పెద్ద దేశాల మధ్య గొడవైంది. 1924లో ఒప్పందం చేసుకున్నారు. సీలేసిన మందుతో మీ ఓడలు రావొచ్చు, బదులుగా దొంగమందు తెచ్చే ఓడల్ని తీరానికి గంట ప్రయాణం దూరంలోనే మేం ఆపి వెతుకుతాం అని.

ఒక సీసా కోసం రెండు దేశాలు సంతకాలు పెట్టుకోవాల్సి వచ్చింది చూశారా!

సరే, ఇప్పుడు మన ఇంటికి వద్దాం. విశాఖ హార్బర్‌లోకి మొట్టమొదట వచ్చిన ఓడ జలదుర్గ, 1933 అక్టోబర్ 7న. అప్పుడు మనం మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్నాం. 1937లో రాజాజీ సేలం జిల్లాతో మద్య నిషేధం మొదలుపెట్టారు. తర్వాతి ఏడాది చిత్తూరు, కడప. 1948 కల్లా ప్రెసిడెన్సీ మొత్తం, అంటే విశాఖ కూడా. కానీ గోదావరి ఒడ్డున యానాం ఉంది కదా, అది అప్పుడు ఫ్రెంచ్ వాళ్లది. మద్రాసు చట్టం అక్కడ చెల్లదు. ఏరు దాటితే రూల్ మారిపోద్ది. 1954లో ఫ్రెంచ్ వాళ్లు వెళ్లిపోయినా, యానాం పుదుచ్చేరిలో భాగంగానే ఉండిపోయింది. ఇప్పటికీ అక్కడ మందు రూలు వేరు, రేటు వేరు.

అదే 1954లో ఇంకోటి జరిగింది. ప్రకాశం పంతులు గారి ప్రభుత్వం ఎందుకు పడిపోయిందో తెలుసా? మద్య నిషేధం మీదే. నిషేధం వల్ల గీత కార్మికుల బతుకు పోయింది, ఎత్తేయమని కమిటీ సిఫార్సు చేసినా వినలేదు అని అవిశ్వాసం పెట్టారు. ఒక్క ఓటు తేడాతో ప్రభుత్వం పోయింది.

ఓడల విషయానికొస్తే, మన దేశంలో దీన్ని చట్టంలోనే రాసిపెట్టింది బొంబాయి. 1949 బొంబాయి నిషేధ చట్టంలో 39వ సెక్షన్ ఉంది. కార్గో బోట్లు, యుద్ధ నౌకలు, సైనికుల్ని మోసే ఓడలు, సైనిక మెస్సుల్లో విదేశీ మద్యం వాడకానికి ప్రభుత్వం అనుమతి ఇవ్వొచ్చు అని. అందరికీ ఒకే చట్టం కాదా, వాళ్లకేంటి స్పెషల్ అని కోర్టులో వాదన నడిచింది. హైకోర్టు ఆ సెక్షన్ కొట్టేసింది. 1951లో బల్సారా కేసులో సుప్రీంకోర్టు దాన్ని మళ్లీ నిలబెట్టింది. అంటే గొడవ మొదట్నుంచీ ఇదే. సీసాలో ఏముంది అని కాదు, సీసా ఎవరి చేతిలో ఉంది అని.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగి, 1992కి రండి. నెల్లూరు జిల్లా దూబగుంట. రాత్రి బడిలో అక్షరాలు నేర్చుకున్న ఆడవాళ్లు ఊళ్లో సారా దుకాణం మూయించారు. ఆ ఉద్యమం రాష్ట్రమంతా పాకింది. 1993 అక్టోబర్ 1 నుంచి సారా నిషేధం, 1995 జనవరి 16 నుంచి ఎన్టీఆర్ ప్రభుత్వం సంపూర్ణ మద్య నిషేధం. 1997 ఏప్రిల్‌లో ఎత్తేశారు, అది వేరే కథ. కానీ ఆ ఆడవాళ్లు గెలిచింది ఒక మాట. మా ఊళ్లో అమ్మాలా వద్దా అనేదాంట్లో మా మాట కూడా నడవాలి అని. అందుకే ఓడ లైసెన్సు నాకు టెక్నికల్ పాయింట్‌లా అనిపించలేదు. ఊరు మాట ఒడ్డు దగ్గరే ఆగిపోద్దా, లేదా అనేదే అసలు ప్రశ్న.

ఇప్పుడు మన కాలం. 2022 జూన్‌లో కార్డీలియా వాళ్ల ఎంప్రెస్ ఓడ విశాఖ నుంచి పుదుచ్చేరి, చెన్నైకి బయల్దేరింది. పుదుచ్చేరిలో మన యానాం లాగే మందుకి లోటు లేదు. అయినా ఆ ఓడకి అక్కడ అనుమతి దొరకలేదు. ఓడలో క్యాసినో ఉంది, మా సంస్కృతి పాడవుద్ది అని పార్టీలు అడ్డుపడ్డాయి. ఒక రేవులో ఎక్కించారు, ఇంకో రేవులో దించనివ్వలేదు. దేశం ఒక్కటే, ఓడ ఒక్కటే. 2023 సెప్టెంబర్‌లో మన పోర్టులో దాదాపు 96 కోట్లతో కట్టిన క్రూజ్ టెర్మినల్ కూడా ఓపెన్ అయింది. అంటే ఈ ప్రశ్న ఇక మన గుమ్మంలోనే ఉంది.

సరే, బాబాయ్ ప్రశ్నకి ఆన్సర్. లైసెన్సు ఎవరిస్తారు? ముక్కలు ముక్కలుగా చెప్తా.

ఓడ విదేశానికి వెళ్తుంటే, 1962 కస్టమ్స్ చట్టం ప్రకారం అందులో వాడే సరుకుని షిప్ స్టోర్స్ అంటారు. ఫారిన్ ట్రిప్‌లో ఉన్నంతసేపు దిగుమతి చేసుకున్న స్టోర్స్‌ని సుంకం కట్టకుండా వాడుకోవచ్చు. రేవులో ఉన్నప్పుడు కస్టమ్స్ వాళ్లొచ్చి మందు గదికి సీలేసే పద్ధతి ఉంది. అదే ఓడ విశాఖ నుంచి చెన్నైకి తిరిగితే అది కోస్తా ప్రయాణం. ఆ సుంకం మినహాయింపు ఉండదు. సీసా అదే, గ్లాసు అదే, ఎటు వెళ్తున్నాం అన్నదాన్ని బట్టి లెక్క మారిపోద్ది.

ఇక సముద్రం. 1976 చట్టం ప్రకారం తీరం నుంచి 12 నాటికల్ మైళ్లు, అంటే సుమారు 22 కిలోమీటర్లు, భారత ప్రాదేశిక జలాలు. ఈ నీళ్లలో అమ్మకం ఏ రాష్ట్రం ఖాతాలో పడాలి? జీఎస్టీ రాసినోళ్లు ఈ ఎడ్జ్ కేస్‌ని ముందే ఊహించారు. ఏ తీర రాష్ట్రం దగ్గరగా ఉంటే ఆ రాష్ట్రంలో అమ్మినట్టే లెక్క అని 2017 ఐజీఎస్టీ చట్టం తొమ్మిదో సెక్షన్‌లో క్లియర్‌గా రాశారు. సూపర్ కదా! కానీ మనం తాగే మందు జీఎస్టీలోనే లేదు. ఓడలో బిర్యానీకి ఉన్న క్లారిటీ, పక్కనున్న పెగ్గుకి ఆ చట్టంలో లేదు. 12 మైళ్లు దాటాక ప్రధానంగా ఓడ మీద ఏ దేశపు జెండా ఉందో ఆ దేశపు చట్టం.

విమానం చూడండి. దేశంలో తిరిగే విమానాల్లో మందు పోయరు. హైదరాబాద్ ఫ్లైట్ అయినా ఢిల్లీ ఫ్లైట్ అయినా అంతే, డౌటే లేదు. ఓడకి అంత సింపుల్ లైన్ ఎందుకు ఉండకూడదు?

నేను ఓడలో బార్ వద్దు అనట్లేదు. క్రూజ్ వస్తే టాక్సీ వాళ్లకి, హోటళ్లకి, మన కుర్రాళ్లకి పని దొరుకుద్ది. కేరాఫ్ కంచరపాలెం సినిమాలో గడ్డం పనిచేసేది మందు షాపులోనే కదా. మందు అమ్మి బతికేవాళ్లు కూడా మనవాళ్లే. నేనడిగేది ఒక్కటే. సందులో నిలబడ్డోడికి ఉన్న రూల్ అందరికీ తెలుసు, వాడికి ఇంకా బాగా తెలుసు. డెక్ మీద కూర్చున్నోడికి ఉన్న రూల్ కూడా అంతే స్పష్టంగా రాయాలి. ఓడ ఎక్కడ ఉంటే ఏ రాష్ట్రం లైసెన్సు, ఎంత పన్ను, వయసు ఎవరు చూస్తారు, తాగి ఎవరైనా నీళ్లలో పడితే ఎవరు జవాబు చెప్తారు. ఒక పేజీలో తెలుగులో రాసి టెర్మినల్ గోడకి అంటించినా చాలు.

క్లైడ్ నది మీద ఆ పని చేయడానికి ముప్పై ఏళ్లు పట్టింది. మనకి అంత టైమ్ అక్కర్లేదు.

మర్నాడు ఇదంతా బాబాయ్‌కి చెప్పాను. మొత్తం విని, టీ గ్లాసు కింద పెట్టి అన్నాడు. "అంటే ఓడోడికి ముగ్గురు నలుగురు యజమానులు, నాకు ఒక్కడే పోలీసోడు. అంతేనా?"

అంతే బాబాయ్.