నటీమణి చేతి అధికారము

మేము నివసించు తడ నెల్లూరు తీరమునకు దక్షిణపు కొన. ఇచటినుండి రైలు కొంతదూరము సాగినంతనే తమిళదేశము మొదలగును. తెలుగు చలనచిత్రములు మదరాసున తయారగుచుండిన దశాబ్దములలో నటులును, గాయకులును, కవులును కోస్తానుండి ఈ దారినే పోయిరి. వారిలో స్త్రీలు పెక్కుమంది కీర్తి గడించిరి. కాని చిత్రము ఎట్లుండవలెనో నిర్ణయించు అధికారమును గడించినవారు మిక్కిలి కొలదిమంది. వారిలో మొదట చెప్పదగినది భానుమతి.

ఆమె 1925లో ఒంగోలు ప్రాంతమునందలి దొడ్డవరమున జన్మించెను. 1939లో సి. పుల్లయ్యగారి 'వరవిక్రయము'న కాళింది వేషముతో తెరకెక్కెను. అది వరకట్నమును ఖండించుచు కాళ్లకూరి నారాయణరావుగారు రచించిన నాటకము. కట్నమునకు కొన్న వరుని ఒల్లక కాళింది ప్రాణత్యాగము చేయును. కాదనుటకు ఆ బాలికకు వేరు మార్గము లేకపోయెను. ఆ వేషము ధరించిన బాలిక తరపునగూడ నాడు మాటలాడినది తండ్రియే. తెరపై నాయకుడు తన కుమార్తెను కౌగిలింపరాదని ఆయన షరతు పెట్టెనని ప్రసిద్ధి.

తరువాత షరతులు ఆమెవే. 1943లో పి.ఎస్. రామకృష్ణారావుగారిని తన ఇష్టముచేతనే వివాహమాడెను. దంపతులు భరణీ సంస్థను నెలకొల్పి 1948లో 'రత్నమాల', 1949లో 'లైలా మజ్నూ' నిర్మించిరి. వానికి దర్శకులు భర్తగారు. 1953లో 'చండీరాణి'ని ఆమెయే తెలుగు, తమిళము, హిందీ మూడుభాషలలోను నడపెను. నాయికయు ఆమెయే. అదే యేట అమెరికాలో ఐడా లుపినో అను నటి 'ది హిచ్ హైకర్' చిత్రమునకు దర్శకత్వము వహించెను. హాలీవుడ్డునందు సైతము నాడు అట్టి స్త్రీలు అరుదు.

సొంత సంస్థ విలువ యెట్టిదో మరియొక ఘటన తెలుపును. 1955లో వెలువడిన 'మిస్సమ్మ'లో మొదట నాయిక భానుమతియే. నిర్మాతతో విభేదము కలుగగా ఆ వేషము సావిత్రికి పోయెను. పరుల సంస్థలో స్త్రీ తలవంచనిచో వేషము పోవును. తన సంస్థలోనైన మాట నిలుచును.

ఆ సావిత్రియే 1968లో 'చిన్నారి పాపలు' చిత్రమునకు దర్శకురాలయ్యెను. సంగీతము పి. లీలది. సాంకేతిక శాఖలు పెక్కు స్త్రీల చేతనే నడిచెను. చిత్రము నష్టము తెచ్చినంతనే 'ఆడువారికిది తగదు' అను మాట పుట్టుట సులభము. పురుషులు తీసిన చిత్రములెన్ని నష్టపడలేదు? వానినిబట్టి పురుషజాతికే దర్శకత్వము తగదని యెవరైన తీర్పు చెప్పిరా? విజయనిర్మల నలుబదికి మించిన చిత్రములకు దర్శకత్వము వహించి, 2002లో గిన్నిస్ గ్రంథమున స్థానము పొంది, ఆ సందేహమును పూర్తిగా తీర్చెను.

మన యిండ్లలో బాలికలకు సంగీతము నేర్పింతుము, చదువు చెప్పింతుము. ఇది మంచిదే. కాని వారు సంపాదించిన ధనముపై పెత్తనము వారికిచ్చుచున్నామా? పొరపడుటకు, మరల ప్రయత్నించుటకు మగపిల్లలకిచ్చు అవకాశమును వారికిచ్చుచున్నామా? ఇవి లేని విద్య యజమానులకు మంచి సేవకురాండ్రను మాత్రమే తయారుచేయును. కాళిందికి లేకపోయిన మార్గము భానుమతికి దొరకినది ప్రతిభవలన మాత్రమేగాదు, తన సొత్తు తన చేతనుండుటవలనను.