ఎన్ని హమ్జాలు?

1938లో పుట్టిన సూపర్‌మ్యాన్ కిస్సాని 1986లో కంపెనీవాళ్లే పక్కనబెట్టి, నయాగా మొదలెట్టారు. మైపాడు పిల్లలకిది అజూబాయే గానీ, మన దాస్తాన్‌గోలు ఈ పని ఎప్పుడో చేశారు.

ఉహద్‌లో (క్రీ.శ. 625) షహీదైన హజ్రత్ హమ్జా (రజి.) తారీఖ్‌లోని మనిషి. దాస్తాన్‌లోని అమీర్ హమ్జా నౌషేర్వాన్ దర్బారుకెళ్తాడు, కోహ్-ఎ-ఖాఫ్‌లో పద్దెనిమిదేళ్లు దేవ్‌లతో తలపడతాడు. ఇంట్లో కిస్సా చెప్పేటప్పుడు ఈ ఫరఖ్ చెప్పకపోతే పిల్లలు దాన్నే సీరత్ అనుకుంటారు. అలాగని దాస్తాన్‌ని పారేస్తామా?

కుతుబ్‌షాహీల జమానాలో హాజీ కిస్సాఖ్వాన్ హమదానీ హైదరాబాద్‌లో కూర్చిన ఫార్సీ ‘జుబ్దతుర్రుమూజ్’లో దాస్తాన్ పుట్టుక గురించి రెండు కథలు. రెండూ పొసగవు! మక్కావాళ్ల దుష్మనీ మళ్లించడానికి కథ పుట్టిందని ఒకటి, ఓ అబ్బాసీ ఖలీఫా జబ్బు నయం చేయడానికని రెండోది. తర్వాత లక్నోవాళ్లు ‘తిలిస్మ్-ఎ-హోష్‌రుబా’ కలిపారు. నవల్ కిశోర్ ప్రెస్‌లో దాస్తాన్ మొత్తం 46 జిల్దులైంది.