మాయకీ ఓ లెక్కుండేది

ఆ కంప ఇంకో రెండు ముక్కలు వేయండ్రా, మంట తగ్గిపోతోంది. ఏరా చిన్నోడా, నీ సెల్లులో మంత్రగాడు చెయ్యి విదిలిస్తే కొండ పగిలిందన్నావు. మరి వాణ్ణి ఓడించేదెవడు? ఇంకా పెద్ద కొండ పగలగొట్టేవాడా? అదేం కథరా! మంత్రగాడి కథ చెప్పాలంటే ముందు వాడికి చేతకానిదేదో తేల్చుకోవాలి. మా కాలంలో బుర్రకథ చెప్పేవాళ్ల దగ్గర్నుంచి సినిమావాళ్ల దాకా అందరికీ తెలుసు ఈ సంగతి.

బాలనాగమ్మ కథే తీసుకోండి. 1942లో జెమినీవాళ్లు సినిమా తీస్తే బాలనాగమ్మగా కాంచనమాల, మాయల మరాఠీగా గోవిందరాజుల సుబ్బారావు వేశారు. ఊళ్లలో చెప్పే కథలో వాణ్ణే మాయల ఫకీరు అనేవాళ్లం. బాలనాగమ్మను కుక్కను చేసి ఎత్తుకుపోయాడు. విడిపించడానికొచ్చిన మొగుణ్ణీ బలగాన్నీ రాళ్లు చేసి పడేశాడు. అంతటివాడూ, ఆవిడ "నాకు వ్రతముంది" అంటే నోరు మూసుకుని ఏళ్ల తరబడి కాచుక్కూర్చున్నాడు. వాడి ప్రాణమేమో ఏడు సముద్రాల అవతల చిలకలో ఉంది. ప్రాణం దాచుకున్నవాడు ఆ చోటు ఎప్పుడో ఒకప్పుడు ఎవరిముందో ఒకరిముందు వాగక మానడు. కొడుకు బాలవర్ధి వెళ్లి ఆ చిలకను పట్టుకొచ్చేదాకా జనం ఊపిరి బిగబట్టి వినేది అందుకే.

ఇక పాతాళభైరవి. 1951లో వచ్చింది. విజయావాళ్ల సినిమా, కె.వి.రెడ్డి తీశాడు, పింగళి నాగేంద్రరావు రాశాడు. కథ జరిగే ఊరు ఉజ్జయిని అంటారుగానీ ఏ పటంలోనూ కనబడే ఉజ్జయిని కాదది, పింగళివారి బుర్రలో పుట్టిన ఊరు. మేం చూసింది డేరా హాల్లో, నేల టికెట్టు. ముందు కూర్చున్నవాడి తల అడ్డొస్తే ఇసుక కుప్ప చేసుకుని దానిమీద ఎక్కేవాళ్లం. ఆ హాల్లో బొమ్మ వేసే మిషను ఒక్కటే. రీలు అయిపోయిందంటే దీపాలు వెలిగేవి. అదీ సరిగ్గా సినిమాలోని దుష్టుడు నేపాళ మాంత్రికుడు కళ్లెర్రజేసే వేళకే! ఆ రీలు మార్చేలోపు వాడేం చేస్తాడో అని మా కడుపులో ఒకటే గుబులు. ఆ మాంత్రికుడి వేషం వేసిన ఎస్వీ రంగారావుకి అప్పటికి ముప్పై రెండేళ్లే. ఎవరైనా నమ్ముతారా?

చూడండి, అంత మాంత్రికుడికీ పాతాళభైరవి అమ్మవారు ఊరికే పలకలేదు. సాహసవంతుడైన కుర్రాణ్ణి బలివ్వాలి. అందుకని తోటమాలి కొడుకు రాముణ్ణి వెతికి పట్టుకున్నాడు. మొసలి రూపంలో పడివున్న అప్సరస అసలు గుట్టు చెప్పేయడంతో రాముడు వాణ్ణే బలిచ్చి, కోరిందల్లా ఇచ్చే అమ్మవారి విగ్రహం సంపాదించాడు. కథ అక్కడితో అయిపోతే మామూలు కథే. శిష్యుడు సదాజపుడు వాణ్ణి మళ్లీ బతికించాడు, విగ్రహం వాడి చేతికి చిక్కింది, రాముడి మేడ పోయింది, వాడు మనసుపడ్డ రాకుమారీ పోయింది. ఆ అమ్మవారు మంచివాడా చెడ్డవాడా అని చూడదురా! విగ్రహం ఎవరి చేతిలో ఉంటే వాళ్ల మాటే. దాన్ని మించిన భయం నాకు మరే సినిమాలోనూ కలగలేదు. చివరికి అంతటి మాంత్రికుడూ ఆడపిల్ల మెప్పుకోసం గడ్డం గీయించుకునేదాకా వచ్చాడు, అక్కడే దెబ్బతిన్నాడు.

మాయలెలా చేసేవాళ్లంటావా? ఆ సినిమాకి కెమెరా మార్కస్ బార్ట్లీ. కంప్యూటర్లు ఎక్కడివి అప్పుడు! మనిషి మాయమవ్వాలంటే కెమెరాను కదలకుండా బిగించి ఆపేసేవాళ్లు. మిగతావాళ్లంతా ఎక్కడివాళ్లక్కడ కొయ్యబారి నిలబడితే ఆ ఒక్కణ్ణీ పక్కకు తప్పించి, వాడున్న చోట మేకనో చిలకనో పెట్టి మళ్లీ తిప్పేవాళ్లు. ఒకే మనిషి రెండు వేషాల్లో ఎదురెదురుగా నిలబడాలంటే కటకం సగం మూసి తీసి, ఫిల్ము వెనక్కి చుట్టి, రెండో సగం తెరిచి మళ్లీ తీసేవాళ్లు. చెయ్యి గీత దాటిందా, సగానికి తెగిపోయి కనిపించేది. ఫిల్ము కడిగించేదాకా తప్పు తెలిసేది కాదు. 1957లో మాయాబజార్‌లో ఘటోత్కచుడి నోట్లోకి లడ్లు వాటంతటవే వెళ్తుంటే హాలంతా గోలగోల.

ఇక దర్శకుడు విఠలాచార్య సంగతి వేరు. ఉడుపి వైపునుంచి వచ్చాడాయన. తక్కువ డబ్బుతో, గబగబా తీసేవాడు. కాంతారావు కత్తి తిప్పితే మా ఊరి పిల్లలందరి చేతుల్లోకీ తాటిమట్టలొచ్చేవి. హీరో డబ్బుకోసం పేచీపెడితే మిగతా సినిమా అంతా వాణ్ణి చిలకనో మేకనో చేసేసి లాగించేవాడని చెప్పుకునేవాళ్లు. నిజమో కాదో ఆయనకే తెలియాలి! 1978లో జగన్మోహినిలో దెయ్యం పొయ్యిలో కట్టెలకు బదులు తన కాళ్లే పెట్టి వంట చేస్తుంది. పిల్లలు జడుసుకోవడమూ పగలబడి నవ్వడమూ ఒకేసారి. సరదా సినిమాలే, కాదనను. కానీ అడుగడుక్కీ మాయే అయితే ఎప్పుడు భయపడాలో తెలియదు. నా ఓటు కె.వి.రెడ్డికే.

పుస్తకాల్లో అయితే చందమామ పిల్లల పత్రిక, 1947 జూలైలో మొదలైంది. దాసరి సుబ్రహ్మణ్యం రాసిన తోకచుక్క, కంచుకోట, భల్లూక మాంత్రికుడు నెలనెలా కొంచెం కొంచెం వచ్చేవి. వాటిల్లో చాలావాటికి చిత్రా అనే ఆయన బొమ్మలు వేసేవాడు. ఆ మాంత్రికులు తిట్టుకునేవాళ్లు, తడబడేవాళ్లు, ప్రాణభయంతో పరిగెత్తేవాళ్లు. అందుకే నిజంగా ఎక్కడో ఉన్నారనిపించేది.

రేపు భోజనాలయ్యాక పాతాళభైరవి పెట్టండ్రా. ఆ విగ్రహాన్ని రాముడేం అడిగాడో, మాంత్రికుడేం అడిగాడో చెవులు రిక్కించి వినండి. మూడు గంటల పైనే ఉంటుంది, మధ్యలో లేచిపోకండి.