మార్కస్ బార్ట్లే

మార్కస్ బార్ట్లే (1917 - 1993) దక్షిణ భారత చలనచిత్రరంగంలో ప్రసిద్ధుడైన ఛాయాగ్రాహకుడు. ఈయన ఆంగ్లో-ఇండియన్. మాతృభాష తెలుగు కాకపోయినా, తెలుగువారు తరతరాలుగా చూస్తున్న పాతాళభైరవి, మిస్సమ్మ, మాయాబజార్, గుండమ్మ కథ చిత్రాలకు ఛాయాగ్రహణం నిర్వహించినది ఈయనే.

సినీ జీవితం

బి.ఎన్.రెడ్డి దర్శకత్వం వహించిన స్వర్గసీమ (1945) తెలుగులో ఈయన తొలినాటి చిత్రాలలో ఒకటి. తరువాత నాగిరెడ్డి, చక్రపాణిల విజయా సంస్థలో చేరి షావుకారు (1950) మొదలుకొని గుండమ్మ కథ (1962) వరకు ఆ సంస్థ ప్రధాన చిత్రాలకు పనిచేశారు. దర్శకుడు కె.వి.రెడ్డితో కలిసి చేసిన పాతాళభైరవి (1951), మాయాబజార్ (1957), జగదేకవీరుని కథ (1961) జానపద, పౌరాణిక చిత్రాలకు ఒరవడి దిద్దాయి. స్వీడిష్ సినిమాలో ఇంగ్మార్ బెర్గ్‌మన్‌కు స్వెన్ నిక్విస్ట్ ఎటువంటివాడో, కె.వి.రెడ్డికి బార్ట్లే అటువంటివాడు. అయితే నిక్విస్ట్‌కు దక్కిన ఖ్యాతి ఈయనకు దక్కలేదు.

మాయాబజార్ వెన్నెల

మాయాబజార్‌లోని నౌకావిహార గీతం ఈయన ప్రతిభకు గీటురాయి. శశిరేఖాభిమన్యులు పడవలో సాగుతుండగా నీటిపై పరచుకొన్న వెన్నెల నిజమైన వెన్నెల కాదు. ఆనాటి ఫిల్ము చంద్రకాంతిని గ్రహించగలిగినంత సున్నితమైనది కాదు. కనుక ఆ వెన్నెలను దీపాలతో, నీడలతో కల్పించవలసి వచ్చింది. కాంతి ఏమాత్రం ఎక్కువైనా అది పగలుగా కనిపిస్తుంది, తక్కువైతే నటుల ముఖాలు చీకటిలో కలిసిపోతాయి. ఘటోత్కచుడు పెళ్ళివారి భోజనాన్ని ఆరగించే సన్నివేశంలో పళ్ళాలు వాటంతట అవే కదలడం మరొక ముచ్చట. కంప్యూటర్ గ్రాఫిక్సు లేని కాలమది. ఇటువంటి దృశ్యాలను ఓపికగా, లెక్క తప్పకుండా కొద్దికొద్దిగా చిత్రించవలసి ఉండేది. పైగా ఈ చిత్రం తమిళంలో కూడా తయారైంది.

2010లో మాయాబజార్‌ను రంగులలోకి మార్చి విడుదల చేశారు. ఎందరో కొత్త ప్రేక్షకులు దానిని ఆదరించారు. కానీ బార్ట్లే కాంతిని అమర్చినది నలుపు తెలుపులకు, వాటి మధ్య ఉండే బూడిదరంగు ఛాయలకు. ఆయన పనితనాన్ని పరిశీలించదలచినవారు మొదటి ప్రతినే చూడాలి.

రంగుల చిత్రాలు, పురస్కారాలు

రాము కరియత్ దర్శకత్వంలో వచ్చిన మలయాళ చిత్రం చెమ్మీన్ (1965)లో కేరళ సముద్రతీరాన్ని, బెస్తవారి జీవితాన్ని రంగులలో చిత్రించారు. ఆ చిత్రానికి ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి స్వర్ణపతకం లభించింది. తమిళ చిత్రం శాంతినిలయం (1969)కు గాను బార్ట్లే రంగుల విభాగంలో ఉత్తమ ఛాయాగ్రాహకునిగా జాతీయ పురస్కారం అందుకొన్నారు.